అయిదో ప్రతివాది

మొదటి నలుగురు ప్రతివాదులూ పోలీసులే.
కాపాడమని ఎవరిని అడుగుతామో
వాళ్ళమీదే కేసు వెయ్యాలట. పద్ధతి అది.
"అయిదో పేరు చెప్పండి బీరాన్‌కుట్టీ,
తండ్రి పేరుతో సహా" అంది వకీలు శ్రీకల,
కళ్ళజోడు పైనించి చూస్తూ.

తండ్రి పేరు దగ్గర గొంతు పట్టేసింది.
అప్పటికే ఒకసారి రాసుంది అది,
పైన, నా పేరు పక్కన.

అలవి. నా తమ్ముడు.
చెంబ్రక్కాడ్ మదరసా గేటుకి
రెండో తాళం వేసినవాడు.

మొదటి తాళం మాది, ఇత్తడిది,
ఏళ్ళ వానకి పచ్చబడ్డది.
రెండోదానికి ధర చీటీ కూడా ఊడలేదు.
ఒకే గొలుసు రెంటినీ మోస్తోంది,
ఏ పక్షమో తెలియకుండా.

తగువు దేనికని
ఎర్నాకుళం రైల్లో ఎదుటి సీటాయన అడిగాడు.
పైన సంఘం రెండుగా చీలిందన్నాను.
వాళ్ళ పాఠ్యపుస్తకానికి నీలం అట్ట, మాకు ఆకుపచ్చ.
లోపల అలిఫ్ అలిఫే,
బా కింద చుక్క ఒక్కటే.
"ఇంతేనా?" అన్నాడాయన వేరుశనగ తొక్క తీస్తూ.
ఇంతే కాదు.
పదకొండు ఓట్లతో ఓడిన ఎన్నిక ఉంది,
దొరకని జమాఖర్చుల పుస్తకం ఉంది,
మా ఉస్తాద్ తలపాగా బురదలో పడ్డ
ఒక శుక్రవారం ఉంది.
అందరం చూశాం, ఎవరం వంగలేదు.
నేనూ వంగలేదు.
అది మాత్రం పిటిషన్‌లో లేదు.

కోర్టులో మా వంతు నలభై ఏడోది.
మా ముందు ఎవరిదో చెరువు, ఎవరిదో పెన్షన్.
జడ్జిగారు కాగితం తిప్పి
"పిల్లలెందరు?" అన్నారు.
నూట పన్నెండు, అంది శ్రీకల.
అందులో ముగ్గురు అలవి పిల్లలని
నాలో నేను సరిచేసుకున్నాను.

ఒకటిన్నర పేజీ ఉత్తర్వు.
ఎవరి హక్కు నిజమో ఈ న్యాయస్థానం చెప్పడం లేదు;
అది తేలేదాకా చదువు ఆగరాదు,
అయిదో ప్రతివాది గేటుకి యాభై మీటర్ల లోపు రారాదు.
యాభై మీటర్లంటే
మా ఊళ్ళో సరిగ్గా కల్వర్టు దాకా.
చిన్నప్పుడు మేమిద్దరం
చేపపిల్లల కోసం బోర్లా పడుకున్న కల్వర్టు.

సోమవారం ఉదయం ఆరున్నరకి
కానిస్టేబుల్ సుగుణన్ వచ్చాడు,
రెయిన్‌కోటు, లాఠీ, నిద్ర తీరని కళ్ళు.
సమన్లు అందినట్టు మొహం పెట్టి
రెండో తాళం తనే కోశాడు.
పిల్లలు ఒక్కొక్కరే లాఠీకి సలాం చెప్పి లోపలికి పోయారు.
ఏడింటికి ఆయనకి చాయ్ వచ్చింది,
అలవి కొట్టు నుంచే.
మా ఊళ్ళో ఇంకో చాయ్ కొట్టు లేదు.
పోలీసుకిచ్చిన గ్లాసుకి
లెక్క ఎవరి ఖాతాలో రాశాడో అడగలేదు నేను.

మూడోరోజు అలవి చిన్నకూతురు రిఫ్నా
ఆయన ముందు నిలబడి అడిగింది:
"ఎవరు రాకుండా కాపలా కాస్తున్నావు?"
సుగుణన్ బూట్లకేసి చూసుకున్నాడు.
"కుక్కలమ్మా" అన్నాడు.
ఆ పిల్ల దాచుకునే రకం కాదు,
మాట సాయంత్రానికి ఇంటికి చేరే ఉంటుంది.

నాలుగోరోజు వాన మొదలైంది.
పాఠం మధ్యలో నేను గేటు దగ్గర ఉన్నాను.
కల్వర్టు మీద అలవి,
లుంగీ మడిచి కట్టి, నిలువునా తడుస్తూ,
చేతిలో ముడిచిన గొడుగు.
దాన్ని విప్పుకోలేదు. పిల్ల మర్చిపోయినది.
అక్కడినించి ఒక్క అడుగు వెయ్యలేదు.
సుగుణనే నడిచి వెళ్ళాడు,
తెచ్చి నా చేతిలో పెట్టాడు,
"అయిదో ప్రతివాది ఇచ్చాడు" అని.
అనేసి నవ్వబోయి మానేశాడు.

గులాబీ రంగుది. ఒక పుల్ల విరిగింది.
చేతులూరుకోక
గేటుకి చుట్టిన బైండింగ్ తీగ ముక్కతో కట్టాను.
తలెత్తేసరికి కల్వర్టు ఖాళీ.

వచ్చే వాయిదా మూడువారాలకి.
నిన్న శ్రీకల ఫోన్ చేసింది:
అయిదో ప్రతివాది వైపునించి
ఉల్లంఘన ఏమన్నా ఉందా,
ఉంటే తేదీ, సమయం రాసి పంపండి.

తేదీ గుర్తుంది. సమయం ఏడూ నలభై.
వాన శబ్దానికి సరిగా వినబడటం లేదని చెప్పి
ఫోన్ పెట్టేశాను.