రుణసంఖ్య

సోమవారం పొద్దున్న
గోవిందప్ప నాయకర్ వీధిలో కరెంటు తీగల మీద
రెక్కలారని కాకులు.
రెండో అంతస్తులో నా కుర్చీ, నా కంప్యూటరు,
యాసిడ్ చుక్క పడి చిల్లులు పడ్డ పాత రిజిస్టరు.

పదకొండు గంటలకల్లా వారం ధరల కాగితం వెళ్ళాలి:
అంబత్తూరు మందుల కంపెనీకి, రాణీపేట తోళ్ళవాళ్ళకి,
ఫోనెత్తగానే "ఏమ్మా, తగ్గిందా?" అని
ఇన్నేళ్ళుగా ఒకే మాట అడిగే
నాయుడుపేట మస్తానయ్యకి.

అయోడిన్ పెరిగింది.
చిలీ ఎడారిలో నీళ్ళకి కటకటట.
నేనెన్నడూ చూడని ఆ ఇసక దగ్గితే
తండయార్‌పేట స్కానింగ్ సెంటర్లో బిల్లు మారుతుంది.
బ్రోమిన్‌కి నిలకడ లేదు.
మృతసముద్రం పక్క ఓడలు కదలడం లేదని
కచ్ ఉప్పుమళ్ళలో అడుగున మిగిలిన చేదునీళ్ళకి గిరాకీ.
ఫ్లోరిన్ సరుకు గురించి చైనావాళ్ళు ఏమీ అనలేదు.
అనకపోవడం కూడా ఒక ధరే,
దాన్ని ఏ గడిలో వెయ్యాలో ఇంకా నేర్చుకోలేదు.

శుక్రవారం రాత్రే బజారుకి ఎవరో ఉప్పందించారు.
నవ్వొచ్చింది.
ఉప్పులోంచి పుట్టిన సరుకుకి
మళ్ళీ ఉప్పందించడమేమిటి!

క్లోరిన్ దగ్గర చెయ్యాగింది.
ఉప్పునీటిలో కరెంటు పారిస్తే కవలలు పుడతాయి.
కాస్టిక్కుని ఎత్తుకోడానికి అందరూ ఉన్నారు:
సబ్బువాళ్ళు, కాగితంవాళ్ళు, అల్యూమినియంవాళ్ళు.
రెండోదాన్ని దాచలేరు, వదల్లేరు,
అందుకే తీసుకుపోయేవాడికి ఎదురు డబ్బిస్తారు.
టన్నుకి మైనస్ రెండు వేలు.
బళ్ళో ఇలాంటిదాన్ని రుణసంఖ్య అన్నారు.
ఎవరి రుణమో చెప్పలేదు.

టీ తెచ్చిన ఎతిరాజులు నా భుజం మీంచి చదివాడు.
ఎన్నూరు దారిలో ఇరవయ్యారేళ్ళు
సిలిండర్ల మరలు తిప్పిన చేతులు.
"మైనస్సా? దాన్నా?"
తన ఇంటి మనిషిని ఎవరో చులకన చేసినట్టు గ్లాసు ఠక్కున పెట్టాడు.

"ఒక రాత్రి వాషర్ తెగింది పాపా.
అది పైకి పోదు, నేలబట్టి నడుస్తుంది,
అప్పులవాడిలాగ. పల్లం ఎక్కడుందో దానికి తెలుసు.
గోడవతల కాలవొడ్డున గుడిసెలు.
తడి తువ్వాలు మూతికి కట్టి తలుపు తలుపూ కొట్టాను,
మేడెక్కండి, మేడెక్కండి అని."

ఆగాడు.

"వాళ్ళకి మేడలేవీ?"

వీధి మొదట్లో నీళ్ళ లారీ ఆగి ఉందట.
పధ్నాలుగు మందిని, ఒక మేకని దాని వీపు మీదికెక్కించి
గాలికి అడ్డంగా పోనిమ్మన్నాడట.
మేక దారంతా ఒకటే గోలట.
ఆ గోల తల్చుకుని ఇప్పటికీ నవ్వుతాడు,
నవ్వు మధ్యలో దగ్గు అందుకుంటుంది.

"ఇంతకీ ఆ లారీ నీళ్ళలో ఉన్నదేంటి?
అదే. చిటికెడు.
అది లేకపోతే ఆ పిల్లలకి ఏటా వాంతులూ విరోచనాలూ.
కింద ప్రాణం తీసేదీ అదే,
పైన వాళ్ళు కూర్చున్న నీళ్ళని కాపాడేదీ అదే.
రాసుకో నీ మైనస్సు."

రాసుకున్నాను.
పంపు బటన్ మీద వేలు కాసేపుంచి, నొక్కాను.
రిజిస్టరు చిల్లులోంచి కింది పేజీ కనిపిస్తోంది,
పోయినేడాది ఇదే వారం, ఏదో అంకె,
మొదటి సగం మాత్రమే.

పదకొండూ అయిదుకి ఫోను.
"ఏమ్మా, తగ్గిందా?"
"తగ్గింది. సున్నా కన్నా కిందికి."
"అయితే రెండు లోడ్లు రాసుకో."
కలం మూత తీశాను.
మా ఆర్డరు ఫారంలో లేని ప్రశ్న
నా నోటెంట వచ్చేసింది:

"మస్తానయ్యగారూ, మీ గోదాము మిట్టనుందా,
పల్లంలో ఉందా?"

అవతల లారీ హారన్లు, ఎవరో పిల్లాడి కేక.
ఆయనింకా ఆలోచిస్తూనే ఉన్నాడు.