ఒకటా, రెండా

లోయ అవతలి వాలు మీద
చెట్టు నిండా నల్లటి మూటలు.
అన్లావత్ దుర్భిణి నా చేతిలో పెట్టి
"లెక్కపెట్టు నాన్నా" అంది.
ముప్పై ఏళ్లు కట్టెల్ని మోపుల్లో లెక్కపెట్టినవాణ్ణి.
కదిలేవాటికి నా వేళ్లు అలవాటు పడలేదు.

నలభై ఒకటి, నలభై రెండు...
ఒకటి రెక్క విప్పింది.
నేను చేతులు బార్లా చాపితే ఎంతో, అంత.
చంక కింద పిడికెడు పిల్ల
రొమ్ము నోట్లో పెట్టుకునే నిద్రపోతోంది.
"దీన్ని ఒకటనాలా, రెండనాలా?"
పెన్సిల్ ఆగింది.
"రెక్క ముయ్యకముందు చూశావు కాబట్టి, రెండు."
చూడనివాటి సంగతి తను చెప్పలేదు,
నేనడగలేదు.

మా అంజువాన్ దీవిలో
తెల్లారకముందే ఆడవాళ్లు ఇలాంగ్ పూలు కోస్తారు.
సంపెంగల వావివరసల్లో ఎక్కడో కలిసే పువ్వు,
రేకులు నీరసంగా వేలాడుతుంటాయి.
వాటిని రాగి బానలో కుక్కి, మూత బిగించి
కింద మంట పెట్టేవాణ్ణి నేను.
చుక్కా చుక్కా కారిన నూనె
సీసాకెక్కి, ఓడెక్కి
ఎవరి మెడ వంపులోనో ఆరిపోయేది.
నాకు మిగిలేది పొగ.
"పూల వాసనా కాదు, మనిషి వాసనా కాదు" అనేది మా ఆవిడ,
అయినా దగ్గరికే జరిగేది.

బాన ఆకలి ఆగదు.
కింది వాలు అయిపోయింది. నడిమి వాలూ అయిపోయింది.
ఒక మబ్బు పొద్దున పై లోయకెళ్లాం
నేనూ, మా బావమరిది నస్సూఫూ.
ఆ చెట్టు విరగకాసిందనుకున్నాను.
మొదటి గొడ్డలి దెబ్బకి
కాయలు కళ్లు తెరిచాయి.
నారింజ రంగు కళ్లు.
రెండో దెబ్బకి సగం చెట్టు ఆకాశంలోకి లేచింది.
పట్టపగలు, గద్దల్లా, రెక్క ఆడించకుండా
గాలి మెట్లెక్కుతూ గుండ్రంగా తిరిగాయి.
నస్సూఫ్ "బిస్మిల్లా" అన్నాడు,
పని మొదలెట్టేముందు అనాల్సిన మాట.
మూడో దెబ్బ నేనే వేశాను.
ఆ చెట్టు నాలుగు రోజులు కాలింది.
మంచి కట్టె. అబద్ధం చెప్పను.

వాగు ఆ ఏడే ఎండిందంటే కథ బాగుంటుంది.
కాదు, పదేళ్లు పట్టింది.
ముందు బట్టలు జాడించేంత లేదు,
తర్వాత బిందె మునిగేంత లేదు,
ఆఖరికి నమాజుకి ముందు
మోచేతులు తడిసేంతా లేదు.
కోకో ఎషాతి నా ఖాళీ డబ్బాలోకి తొంగిచూసి
"పైన తోటమాలిని తరిమావు,
కింద నీళ్లకు నిలబడ్డావు" అని నవ్వింది.
పళ్లు లేని ఆ నవ్వు
నన్ను ఇంటిదాకా దిగబెట్టింది.

అన్లావత్ ఏవేవో చదువుతుంది.
జాంబియాలో ఒక బురదడవికి
ఏటా కోటిదాకా వచ్చి వాలతాయట,
బరువుకి కొమ్మలు ఫెళ్లున విరుగుతాయట.
పెంబా దీవిలో సమాధుల పక్క చెట్లకి వేలాడతాయట,
చచ్చినవాళ్ల నిద్రకి తోడుగా.
టోంగాలో అవి రాజుగారి సొత్తట,
ముట్టుకుంటే తప్పట.
మాకు రాజు లేడు. మా దగ్గర కోటీ లేదు.
ఈ రకం మా దీవిలోనూ, పక్క మొహేలీలోనూ తప్ప
భూమ్మీద ఇంకెక్కడా లేదట.
ఆ మాట చెప్పేటప్పుడు మాత్రం
మా అమ్మాయి నా మొహంకేసి చూడదు.

పొద్దు వాలింది.
ఒక్కొక్కటే కొమ్మ వదిలేస్తోంది,
చేతిలోంచి గిన్నె జారినంత తేలిగ్గా,
పడబోయి, పడకుండా.
తనకి అరవై ఒకటి. నాకు అరవై మూడు.
"రెండుసార్లు చూసుంటావు."
"నువ్వు పిల్లల్ని వదిలేసుంటావు."
మళ్లీ మొదలెట్టేలోపు
లోయలోంచి మబ్బు లేచి చెట్టుని మింగేసింది.
అంకె ఉండాల్సిన గడిలో
తను 'మబ్బు' అని రాసింది.

దిగుతుంటే కింద ఎవరిదో బాన రాజుకుంది.
నా కాళ్లు వాటంతటవే ఆగాయి.
ముక్కు ఇంకా నౌకరీ మానలేదు,
పొగ తగిలితే కట్టె పేరు చెప్పేస్తుంది.
మామిడి.
అడవిది కాదు, ఎవరి పెరటిదో ముసలి మామిడి.
అన్లావత్‌కి చెప్పకూడదనుకున్నాను.
రెండడుగులు వేసి చెప్పాను.