పాలు

ముప్ఫై ఒక్క ఏళ్ళు ఉక్కు ఫ్యాక్టరీలో
బొగ్గులు కలిపాను.
ఓడలో వచ్చిన బొగ్గు ఇన్ని పాళ్ళు,
రైల్లో వచ్చింది ఇన్ని పాళ్ళు,
ల్యాబు నుంచి చీటీ వస్తే బెల్టు నడిపేవాణ్ణి.
ఒక్క పాలు అటూ ఇటూ అయితే
బట్టీ దగ్గర్నుంచి ఫోను మోగేది.

ఇప్పుడు చీటీ రాసేదీ నేనే, బెల్టూ నేనే.
కూర్మన్నపాలెంలో మా వంటింటి గట్టు మీద
పదకొండు హార్లిక్స్ సీసాలు,
బంగారం తూచే బుల్లి త్రాసు,
అట్ట ఊడిన లాగ్‌బుక్కు.

రెండు బస్సులు మారి పూర్ణా మార్కెట్‌కి పోతాను.
గున్నేశ్వర్రావు కొట్లో అస్సాం పొడి
ఇసకలా జారుతుంది.
నీలగిరి ఆకు మాత్రం వేళ్ళ మధ్య
ఎండు చీమల్లా గరగరలాడుతుంది.
"పావు కిలోకి ఇంత పరీక్షా!" అంటాడు.
వాడికేం తెలుసు,
గుప్పెడు చూసి
ఓడంత బొగ్గుని నమ్మాల్సి వచ్చినవాణ్ణి.

మిరియాలు కొర్రా లచ్చిమి దగ్గర.
ఆదివారం రైతుబజారులో
పాడేరు మంచు ఇంకా ఆరని గోనె విప్పుతుంది.
శొంఠి మా మేడ మీదే ఎండింది,
ఎండిందనుకున్నాను.
సముద్రం ఎంత దూరాన ఉన్నా
రాత్రిపూట వచ్చి
అన్నిటినీ ఓసారి తడిమి పోతుంది.
అందుకే ప్రతి సీసాలోనూ
గుడ్డలో కట్టిన పిడికెడు బియ్యం.

చెప్పకూడదు గానీ
నాకు వాసన సరిగ్గా తెలీదు.
బొగ్గు దుమ్ము నా ముక్కులోంచి
తన పాలు తాను పట్టుకుపోయింది.
ఘాటు తెలుస్తుంది, వేడి తెలుస్తుంది,
యాలకుల దగ్గరికి వచ్చేసరికి
గోడకి చెవి ఆనించి
పక్కింటి మాటలు వింటున్నట్టుంటుంది.

కాబట్టి మా వరహాలే నా ల్యాబు.
ఒకటో నంబరు తాగి "ఇదేటి, కషాయమా?" అంది.
నాలుగులో నిమ్మగడ్డి ఎక్కువైతే
"అంట్లు తోముకోవచ్చు" అంది.
ఆరుకి ఏమీ అనలేదు,
గ్లాసు కరివేపాకు కుండీలో ఒంపింది.
మర్నాడు మొక్క బాగానే ఉంది.
అదీ రాసుకున్నాను.
తను తాగేది మాత్రం
కిరాణా కొట్టు డస్టు టీ, ఐదు రూపాయల పొట్లం,
ఎర్రగా, చెంచా నిలబడేంత పంచదారతో.

పదకొండో నంబరు కుదిరింది.
అస్సాం ఆరు, నీలగిరి మూడు,
మిగిలిన ఒక్క పాలులోనే
శొంఠి, మిరియం, నారింజ తొక్క
జనరల్ బోగీలో లాగా సర్దుకున్నాయి.
రాత్రి షిఫ్టు స్నేహితుడు దాలయ్య వచ్చి
రెండో గ్లాసు అడిగాడు.
చీటీ రాసిచ్చాను, సంతకం కూడా పెట్టి.

వారానికి ఫోను మోగింది.
"నువ్వు రాసినట్టే కలిపాంరా.
మీ ఇంట్లో తాగిన టీ కాదిది."

మళ్ళీ తూచాను. మళ్ళీ కలిపాను.
వరహాలు చోడవరం వెళ్ళింది, చెల్లెలింటికి.
ఆ మూడు రోజులూ
పదకొండు పదకొండులా లేదు.
రంగు లేదు, గొంతు దిగాక నిలబడే పట్టు లేదు.
త్రాసు మీద అనుమానం వచ్చి
రూపాయి బిళ్ళలు పెట్టి చూశాను. త్రాసు నిజమే చెప్పింది.

తిరిగొచ్చింది. సంచీ దించి పొయ్యి ముట్టించింది.
నేను గుమ్మంలో ఉన్నాను, తను చూడలేదు.
నా సీసాలోంచి రెండు చెంచాలు.
ఆపైన
పోపుల డబ్బా వెనక నుంచి పొట్లం తీసి
మూడు వేళ్ళతో ఎంతో కొంత.
త్రాసు లేదు. చూపైనా లేదు,
కిటికీలోంచి పక్కింటావిడతో
చోడవరం బెల్లం ధర చెబుతోంది.

అడగలేదు.
గ్లాసందుకుని "బాగుంది" అన్నాను.
"నీ లెక్కే కదా, బాగోక ఏటవుద్ది" అంది.

రాత్రి లాగ్‌బుక్కులో పదకొండు కింద రాశాను:
వరహాలు పాలు: తూకం తెలీదు.

దాలయ్యకి ఏం చెప్పాలో ఇంకా తేలలేదు.

భుజం మీంచి తొంగి చూసి
తను కూడబలుక్కుని చదివింది.
"పాలొకటే రాసినావేటి?
పంచదార ఎవులేసినారు?"