ఇరవై తొమ్మిదో ఎత్తు

మర్రిగూడ జానయ్యకు మెడ తిరగదు.
పక్క బోర్డు మీద ఎవరు గెలుస్తున్నరో
ఇరవై ఏండ్ల సంది చూడలే.

నల్లగొండ, ఆదివారం, ర్యాపిడ్ టోర్నమెంట్.
ఫ్యాను గాలికి స్కోర్‌షీట్లు లేవకుంట
రూపాయి బిళ్లలు పెట్టుకున్నరు.
నేను ఆర్బిటర్‌ను.
జానయ్యకు ఎదురుంగ కోదాడ పిల్ల, పదేండ్లది,
కుర్చీల మోకాళ్ల మీద కూసుంది.

ముప్పై నాలుగో ఎత్తుకు
ఆయన గుర్రం దుంకి
రాజునూ ఏనుగునూ ఒక్కపారే పట్టింది.
పిల్ల జడ కొస నోట్లె పెట్టుకుంది.
గెలుపు ఆడనే ఉంది, గళ్ల మీద,
చాయ్ పోసే పిలగానికి గూడ కనబడేటట్టు.

కానీ ఆ బోరునీళ్లు తాగి పెరిగిన వేళ్లు
బంటును పడితే ఇడువయి,
ఇడిస్తే గడియారం దాంక సాగయి.
ఎత్తుకు రెండు సెకండ్లు, మూడు సెకండ్లు
బొక్కలే మింగినయి.

సున్నా.
నేనే చెప్పాలె. చెప్పిన.

రేటింగ్ ఇంకింత దిగుతది.
జానయ్య పావులన్నీ మళ్ల పేర్చిండు,
నల్లయి నల్లయే, తెల్లయి తెల్లయే.
లేచి పోతున్న పిల్ల దిక్కు
నడుము మొత్తం తిప్పి అడిగిండు:
"గుర్రం అటు దుంకుతదని
ఎన్నో ఎత్తుకు తెలిసింది బిడ్డా?"
"ముప్పైకి."
"నాకు ఇరవై తొమ్మిదికి."