మ.రా.రా.శ్రీ

కలెక్టరాఫీసు గేటుకి ఎడం పక్క
జెరాక్సు కొట్టు రేకు నీడలో నా బల్ల.
సోమవారం. అర్జీల రోజు.
అర్జీకి ముప్పై, కాగితం మనదే.

మా తాతదీ ఇదే పని, జమీందారీ రోజుల్లో.
ట్రంకుపెట్టెలో ఆయన నమూనా ఒకటుంది:
"శ్రీశ్రీశ్రీ మహారాజరాజశ్రీ
ఏలినవారి దివ్యసముఖమునకు
తమ పాదధూళిలో పొర్లాడు ఫలానావాడు
సాష్టాంగపడి చేసుకొను విన్నపము..."
ముప్పాతిక కాగితం అక్కడికే సరి.
అడుగున రెండు వేళ్ల జాగాలో
ఎద్దు చచ్చిపోయిందని.

తర్వాత ఎస్టేట్లు రద్దయ్యాయి.
మహారాజరాజశ్రీ రద్దు కాలేదు.
మోకాళ్లు ముడుచుకుని
మ.రా.రా.శ్రీ అయి
పోస్టుమాస్టరు పేరు ముందు కూర్చుంది,
మా మావయ్య శుభలేఖ మీద కూర్చుంది.
ఒక సింహాసనం మొత్తం
మూడు చుక్కల్లోకి వచ్చేసింది.

బేరం లేని మధ్యాహ్నం నిఘంటువు తిరగేస్తాను.
అదీ తాతదే. చివరి పేజీలు ఎలుక తినేసింది.
క్షత్రియుడూ క్షమా
రెండూ దాని కడుపులోనే పోయాయి.

ఏకచ్ఛత్రాధిపతి: గొడుగు ఒక్కటే ఉన్నవాడు.
మిగతా ఊరంతా తడిసిందన్నమాట.
నియంత: పగ్గాలు పట్టినవాడు, రథసారథి.
పగ్గాలు ఊడొచ్చినా, పాపం,
చేతులు అలాగే చాచి ఉంచుతాడు కాబోలు.
ఏలిక దగ్గర మాత్రం నాకు నవ్వొస్తుంది.
మా వైపు వేలిని ఏలు అంటాం.
చూపుడేలు ఉన్నవాడు ఏలిక,
బొటనేలు ఉన్నవాళ్లం మేం.

ఇవాళ మీసాల అసిరితల్లి వచ్చింది,
వంగర అవతల నుంచి, రెండు బస్సులు మారి.
ఎకరన్నర మొక్కజొన్న. ఏడు ఏనుగులు,
ఒకటి గున్న.
"తిన్నంత తిన్నాయి, తొక్కినంత తొక్కీసినాయి బావూ.
బోరు పైపు పీకీసి
గున్నకి ఆటకిచ్చినాయి."

పేపరువాడు రాశాడట, గజరాజుల బీభత్సం అని.
రాజు అననిదే కలం కదలదు మాకు.

నేను అలవాటుకొద్దీ మొదలెట్టాను,
గౌరవనీయులైన, తమరి సమక్షమునకు...
"ఎవులికి రాస్తన్నావు?"
"అయ్యగారికి."
"ఆయన తొక్కినాడేటి?
తొక్కినోడికి రాయి."

కలం ఆగిపోయింది.
తాత ఎర్ర సిరాతో గీత కొట్టిన మాట
గుర్తొచ్చింది: నిరంకుశుడు.
అంకుశం లేనివాడు.
ఎదురుచెప్పే నోరు లేని రాజుకి
పేరు పెట్టవలసి వచ్చి
ఎవడో ఒకడు ఏనుగు దగ్గరికి వెళ్లి
అప్పు తెచ్చుకున్నాడు.
తిరిగి ఇచ్చినట్టు దాఖలా లేదు.

"నిరంకుశుడంటే ఏనుగే తెలుసా," అన్నాను.
అసిరితల్లి కొంగుతో ముఖం తుడుచుకుంది.
"అలగంటావేటి. దాన్ని అదిలిస్తే అదురుద్ది.
డబ్బాలు కొట్టినాం, పక్కకెళ్లినాది.
గున్న బురదలో దిగబడిపోతే
తల్లి ఏడ్సింది బావూ, నాను ఇన్నాను.
ఆ మాట దానికి తగల్దు."

ఏం చెప్పను.
పైన రెండు గీతలు ఖాళీ వదిలేశాను.
ఎకరాలు, సర్వే నంబరు, పైపు ఖరీదు,
గున్న సంగతి కూడా రాసేశాను, ఆమె రాయమంది.
ఊదారంగు ప్యాడు ముందుకు తోశాను.
ఆమె బొటనవేలు ఒత్తి,
కాసేపు తన గీతల్ని తనే చూసుకుంది.

కౌంటర్లో కుర్రాడు కాగితం తిప్పి తిప్పి
"ఎవరికో రాయలేదే?" అన్నాడు.
"మీలో ఎవులికి సెవులుంటే ఆలికి," అంది.
ముద్ర కొట్టాడు. రసీదు ఇచ్చాడు.

బయటికొచ్చి, గేటు స్తంభానికి వేలు రాసింది.
స్తంభం పైన ఫ్లెక్సీ,
పేరుకి ముందు నాలుగు వరసల బిరుదులు,
గాలికి ఒక మూల ఊడి కొట్టుకుంటోంది.
కింద నడుమెత్తు దాకా
సోమవారం సోమవారం తుడిచిన వేళ్లు,
ఊదా మీద ఊదా.
సున్నం వేయిస్తారు ఏటా.