రెండు ఫ్రేములు ముందు

వార్డర్ స్ట్రీట్‌లో మూడో అంతస్తు. లిఫ్టు లేదు.
ఫిల్మ్ డబ్బాలు మోసుకుంటూ నేనెక్కేసరికి
డోరీన్ ప్రాథెరో బల్ల ముందు ఉండేది,
చేతులకు తెల్ల తొడుగులు,
చెవి వెనక పసుపు మైనపు పెన్సిలు.
నా పేరు నేర్వడానికి వారం పట్టిందామెకు.
వ. కు. ళ.
మూడు ముక్కలు, అతుకు తెలియకుండా అతికింది.

మాట అయిపోగానే కొయ్యకు, అనేది,
మాట అన్నవాడు గుటక మింగనీ.
ఏడుపు షాట్‌ని ఏడవబోయే చోటే ఆపేసేది.
మిగతాది చూసేవాళ్ల బాకీ.

గుడ్డ తొట్టిలోకి వేలాడే తునకల్ని
రాత్రి చుట్టి, నంబరు రాసి పెట్టడం నా పని.
ఒక్కటీ పారేయనిచ్చేది కాదు.
చచ్చినవి కావే అవి, పిలుపు రానివి.

ఒకరు రాసింది, ఇంకొకరు తీసింది
ముప్పై ఒక్క ఏళ్లు కోతలే కోసిన మనిషి
యాభై ఎనిమిదో ఏట నాట్లు మొదలెట్టింది.
మొదటి పేజీకి పదకొండు నెలలు!
వాక్యం ముగిసే ముందే చెయ్యి కత్తెర వెతుక్కునేదట.
"ఎడిటర్లు రాస్తారా?" అన్నారు నలుగురు నిర్మాతలు.
ఐదోవాడు అనలేదు.
డబ్బూ పెద్దగా ఇవ్వలేదు.

ఆ సినిమా కోతకు నా దగ్గరికే వచ్చింది.
ఇప్పుడు తొట్టి లేదు, తునకలు లేవు, మీటలే.
గని నుంచి వచ్చిన తండ్రి
బూట్లు విప్పుతూ కూతురితో ఒక మాట అంటాడు.
కథంతా ఆ మాట కోసమే పుట్టిందనిపించే మాట.
నాలుగు రాత్రులు ముందుకీ వెనక్కీ జరిపి చూశాను.
అది లేకపోతేనే
లేసు ముడి విడే చప్పుడు వినిపిస్తోంది.
తీసేశాను.

శుక్రవారం వచ్చింది. వానకోటు విప్పకుండానే కూర్చుంది.
లేసు. బూటు. వంటింటి తలుపు.
నా మెడ వెనక చెమట.
మళ్లీ వెయ్యమంది.
మళ్లీ.
మూడోసారి తెర మీదికి వంగి
లేని పెన్సిలు కోసం చెవి వెనక తడుముకుని
"కోత సరైనదే" అంది,
"రెండు ఫ్రేములు ముందు."

జరిపాను.

మెట్లు దిగుతూ, రెండో మలుపు దగ్గర,
ఎవరూ లేరనుకుని
ఆ మాట ఒక్కసారి పైకి అనుకుంది.
గుటక మింగేదాకా ఆగి
నేను తలుపు వేశాను.