గీతకు దూరంగా ఒక చుక్క

పేజీకి పన్నెండు రూపాయలు.
పట్టికలు, గ్రాఫులుంటే పదిహేను.
సమీకరణాలకు మాత్రం బేరం లేదు,
వాటికి వేళ్లు మడతపడతాయి.

కడపలో ఏడురోడ్ల కాడ మా డీటీపీ కొట్టుకు
నఫీసా మేడం తెచ్చిన థీసిస్
మూడొందల నలభై పేజీల చేతిరాత.
ఇంగ్లీషులో రాయమని గైడు,
తెలుగులోనే రాస్తానని ఈమె పంతం.
దక్షిణాసియా, ఆగ్నేయాసియా,
ప్రాంతీయ ఆర్థిక సమైక్యత.
ఆ సమైక్యతకు యవత్తు
రెండ్రోజులు తప్పుగానే కొట్టినా.

టైపు చేస్తా చేస్తా కొంత తలకెక్కింది.
దేశాలు గూడా గ్రహాల మాదిరేనంట,
బరువుండేవి ఒకదాన్నొకటి లాక్కుంటాయంట,
దూరమైతే పట్టు సడలుతుందంట.
సుంకం తగ్గితే
సముద్రం గూడా వంకంత అయిపోతుందంట,
పంచె ఎగ్గట్టి దాటేయొచ్చు.

మా నాయనకు ఇవేమీ తెలీవు.
మైదుకూరు పక్కన రెండున్నర ఎకరా,
కృష్ణాపురం ఎర్రగడ్డ.
గోళీకాయంత గడ్డ, ఒళ్లంతా ఘాటు.
పండించేది మేమే గానీ మా ఇంట్లో ఎవురూ తినం.
కూరకు సరిపడా ఒలిచేలోపల
పొయ్యి ఆరిపోతుందని మాయమ్మ.
ఎవురో కౌలాలంపూరులో తింటారంట,
అక్కడ దాని పేరు బవాంగ్.
ఆ మాట నోరు తిరగక
నాయన "బావగారు" అనేవాడు.
"ఈతూరి బావగారు బాగా బలిసినాడు పో"
అని గట్టు మింద కూర్చోని నవ్వేవాడు.

నాలుగో అధ్యాయంలో ఒక గ్రాఫు.
ఇరవై రెండు చుక్కలు, నడుమ ఒక గీత.
చుక్కలన్నీ గీతను పట్టుకొని
బస్సు కాడ జనం మాదిరి ముసురుకున్నాయి.
ఒకటి మాత్రం అడుగున, యాడో దూరంగా.
మేడం దాని చుట్టూ ఎర్రపెన్నుతో సున్న చుట్టి
పక్కన రాసింది: తీసేయాలి.

అది ఏ సంవత్సరమో చూసినా.
మౌస్ మింద చెయ్యి ఆగిపోయింది.
"ఏమైంది?"
"ఏం లేదు మేడం, సిస్టం హ్యాంగయింది."

తీసేసినా.
గీత అందంగా వచ్చింది.
సమీకరణం చివర దోషపదమని ఒక చిన్న అక్షరముంది,
లెక్కకు అందనివన్నీ అందులో వేస్తారంట.
మా ఊరు దాంట్లో పడుతుందా, ఇరుకవుతుందా
అనుకుంటా సేవ్ కొట్టినా.
నల్ల రెక్సిన్ బైండింగు, బంగారు అక్షరాలు, ఐదు కాపీలు.

రెండు నెల్లకు మళ్లీ వచ్చింది.
ఎవురో పరీక్షాధికారి అడిగినాడంట,
"ఒక ఏడాది లేదు. ఎందుకు లేదు?"
గైడు ఫోనెత్తడం లేదంట.

కుర్చీ ఇటు తిప్పినా.
"రాసుకోండి మేడం, నేను చెప్తా."

ఆ ఏడు ఢిల్లీలో ఉల్లి ధర మంట.
రాత్రికి రాత్రి ఎగుమతి బంద్.
కోడు పుస్తకంలో ఉల్లంతా ఒకటే,
సున్నా ఏడు సున్నా మూడు.
ఢిల్లీ తినే గడ్డా,
ఢిల్లీ మొకమే ఎరగని మా గడ్డా
ఆ అంకె కింద అన్నదమ్ములు.
మద్రాసు రేవులో పదకొండు రోజులు
లారీ కింద వండుకు తిన్నాడు నాయన.
చెమ్మ తగిలి గోతాల్లోంచి మొలకలొచ్చినాయి.
పచ్చగా, చూడముచ్చటగా ఉన్నాయంట.
ఇంటికొచ్చి బావగారి ఊసెత్తలేదు.
మరుసటేడు ఆ మడిలో పసుపు.

మేడం రాసుకుంటానే ఉంది.
ఒకచోట పెన్ను ఆపి,
"మలేషియా రేవుకు ఎన్ని కిలోమీటర్లో నా పట్టికలో ఉంది" అనింది.
"మైదుకూరు నుంచి ఢిల్లీకి ఎంత?"

రోడ్డు మింద కొలవాల్నా, ఇంకదేంతో కొలవాల్నా
ఇద్దరికీ తెలియలేదు.

చుక్కను మళ్లీ దాని తావులో పెట్టినా.
గీత కొంచెం కిందికి వంగింది.
పదిహేను రూపాయలు తీసుకున్నా.
గ్రాఫుంది గదా.